మజార్బుల్ గ్రంథము – మా తాత పుస్తకము
(సాంస్కృతికోత్సవ సభలో చదివిన ప్రసంగ పాఠం)



నేను ముప్పై ఐదేళ్ళు బడిలో ఇంగ్లీషు పాఠాలు చెప్పినవాణ్ణి. తెలుగు మాత్రం యాభై దాటిన తరువాత సాయంకాలపు తరగతిలో నేర్చుకున్నాను. కనుక నా మాటలో ఒత్తు తప్పినా, విభక్తి జారినా మన్నించండి. వ్రాసుకొని వచ్చాను, చదువుతాను.

కార్యదర్శిగారు ఏదైనా ఒక ప్రాచీన గ్రంథం గురించి మాట్లాడమన్నారు. వారి మనసులో తాళపత్రాలు ఉండి ఉంటాయి. నేను చెప్పబోయే గ్రంథం ఈ భూమి మీద ఎన్నడూ లేదు. ఒక ఇంగ్లీషు పండితుడు ఊహించిన లోకంలో ఉన్నది. ఆయన జె. ఆర్. ఆర్. టోల్కీన్. మన దక్షిణాఫ్రికాలోనే, బ్లూమ్‌ఫొంటేన్‌లో, 1892 జనవరి 3న పుట్టారు. మూడేళ్ళ వయసులో తల్లి వెంట ఇంగ్లండు వెళ్ళారు. ఆయన పుట్టిన రాష్ట్రంలో మనవాళ్ళు కాపురముండరాదని 1891లోనే శాసనం చేశారు. నేను కాలేజీలో చదువుకునే రోజుల్లో కూడా ఆ ఊళ్ళో ఇల్లు అద్దెకు తీసుకునే హక్కు నాకు లేదు. అది వేరే కథ, మరొక సభలో చెప్పుకుందాం.

ఆయన వ్రాసిన "ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్" మొదటి భాగం 1954లో వెలువడింది. అందులో తొమ్మిదిమంది బాటసారులు కొండ మీద దారి మూసుకుపోగా కొండ క్రింద నుండి నడుస్తారు. అది మోరియా. ఒకప్పుడు మరుగుజ్జు జాతివారు తొలిచి కట్టుకున్న మహానగరం, ఇప్పుడు చీకటి. కొన్నేళ్ళ క్రిందట బాలిన్ అనే పెద్దమనిషి తనవారిని వెంటబెట్టుకొని ఆ పాత ఊరిని మళ్ళీ నిలబెడదామని వెళ్ళాడు. తరువాత కబురు లేదు. ఈ తొమ్మిదిమందిలో గిమ్లీ అనేవాడు బాలిన్ బంధువు. మనవాళ్ళు బ్రతికే ఉన్నారేమో అనే ఆశతో నడుస్తున్నాడు.

ఒక గదిలోకి వస్తారు. పైనుండి పడే వెలుతురులో ఒక సమాధి. దాని మీద బాలిన్ పేరు. చుట్టూ ఎముకలు, విరిగిన కత్తులు. అక్కడే ఒక పుస్తకం దొరుకుతుంది. కత్తిపోట్లు పడి, సగం కాలి, పాత నెత్తురు మరకలతో ఉన్నది. ముట్టుకుంటే ఆకులు పెళుసుగా విరిగిపోతున్నాయి.

ఇక్కడ మనం ఏమనుకుంటాం? చదివేవాడు గాండాల్ఫ్, గొప్ప మాంత్రికుడు. తప్పకుండా ఏదో మంత్రమో, నిధి రహస్యమో బయటపడుతుందనుకుంటాం. నేనూ పదహారేళ్ళప్పుడు అలాగే అనుకొని గబగబా పుట తిప్పాను. అందులో మంత్రం లేదు. మజార్బుల్ అంటే ఆ జాతి భాషలో దస్త్రాలు అని అర్థం. అది దస్త్రాల గది, ఇది రోజువారీ దస్త్రం. ఎవరు ఏ మందిరంలో స్థిరపడ్డారు, యుద్ధంలో ఎవరు పడిపోయారు, బాలిన్ సరస్సు చూడబోయి ఎలా బాణం దెబ్బకు చనిపోయాడు, వంతెన ఎప్పుడు పోయింది, పడమటి గోడ దాకా నీరు ఎలా వచ్చింది. అయిదేళ్ళ కాపురం. చివరి పంక్తి తొందరలో గీసిన గీతలాగా సాగిపోతుంది. శత్రువులు వస్తున్నారని.

నాకు అన్నిటికంటె ఇష్టమైన చోటు మరొకటి. ఒక పుటలో పెద్ద అక్షరాలు, వేరే లిపి. గాండాల్ఫ్ అది చెప్పగానే గిమ్లీ, అయితే అది ఓరి వ్రాతే అంటాడు. ఓరి చక్కగా, వేగంగా వ్రాసేవాడనీ, ఆ లిపి తరచు వాడేవాడనీ అతనికి తెలుసు. మనిషి పోయాడు, చేవ్రాతను గుర్తుపట్టే బంధువు ఒకడు మిగిలాడు. ఆ పుస్తకం అతని చేతికే ఇస్తారు, ఇంటికి తీసుకువెళ్ళి రాజుకు చూపమని.

టోల్కీన్ ఆ పుటలను నిజంగా తయారు చేశారు కూడా. కాగితం మీద ఆ లిపులలో వ్రాసి, తన చుట్టపు పైపుతో అంచులు కాల్చి, కుట్టుకు రంధ్రాలు పొడిచి, నెత్తురులాగా ఎర్రరంగు పూశారు. రంగుల్లో అచ్చువేయడానికి ఖర్చెక్కువని ప్రకాశకులు వేయలేదు. ఆయన 1973లో పోయారు. ఆ పుటలు 2004లో, యాభైయవ ఏటి ముద్రణలో, ఆ పుస్తకంలోకి చేరాయి. వాటిలో లిపి ఆ లోకానిది, మాటలు మాత్రం ఇంగ్లీషువి. అది పొరపాటని ఆయనే తరువాత ఒప్పుకున్నారు. మన శుభలేఖల్లో తెలుగు మాటలను ఇంగ్లీషు అక్షరాల్లో వేసే మనం ఆయన్ను ఏమీ అనలేం.

ఇక మా తాత సంగతి. ఆయన 1904లో మద్రాసు రేవులో ఓడ ఎక్కి డర్బన్‌లో దిగాడు. చెరకు తోటలో అయిదేళ్ళ ఒప్పందం. ఆయన దగ్గర ఒక లావుపాటి పుస్తకం ఉండేది. దానిని దేవుడి గూట్లో పెట్టేవాడు. తాతకు తప్ప ఇంట్లో ఎవరికీ తెలుగు చదవరాదు. అవ్వ ఏ చదువూ లేనిది, మా నాయన ఇంగ్లీషు బడికి పోయాడు. అదేమిటని అడిగితే తాత నవ్వేవాడట. అందుచేత అందరూ మంత్రశాస్త్రమని నిశ్చయించారు. అవ్వ శుక్రవారం దానికి కుంకుమ పెట్టేది.

1966లో తాత పోయాడు. నాకు ఆరేళ్ళు. మంత్రాల పుస్తకం ఇంట్లో ఉంచితే పిల్లలకు మంచిది కాదని ఒక పెద్ద చెప్పాడు. అస్థికలతో పాటు దానిని కూడా సముద్రంలో కలపాలన్నారు. మోసుకువెళ్ళింది నేనే. అవ్వ మనసొప్పక ముందరి సగం చింపి దాచుకున్నది. వెనుక సగం నా చేతులతో నీళ్ళలోకి వదిలాను. అల ఒకసారి వెనక్కు తెచ్చింది. మళ్ళీ తోశాను.

మిగిలిన సగాన్ని తెలుగు తరగతిలో చేరిన రెండవ ఏట విప్పాను. ఒక వేసవి అంతా పట్టింది. నెలకు పది షిల్లింగుల జీతం. బియ్యం, పప్పు, ఉప్పు. జబ్బుచేసి పనికి పోని రోజులు, వాటికి కోసుకున్న డబ్బు. ఒప్పందం తీరినవారి మీద వేసిన మూడు పౌన్ల పన్ను కట్టడానికి ఎవరు ఎవరికి ఎంత అప్పిచ్చారు. 1914లో ఆ పన్ను రద్దయిన తరువాత ఆ పద్దు క్రింద ఒక అడ్డగీత, గట్టిగా, కాగితం చిరిగేలాగా. తరువాత పుట్టుకలు. మా పెద్దత్త పేరు, తిథి, వర్జ్యం. మా నాయన పుట్టినది 1922లో. ఆ పుట సముద్రంలో ఉన్నది.

చివరి నాలుగు పుటల్లో చేవ్రాత తాతది కాదు. అక్షరాలు గొలుసుకట్టు. మా పంతులమ్మగారు కొన్ని మాటలే పోల్చగలిగారు, "వదిన" అనీ, "పొలం" అనీ. ఆ నాలుగు పుటలు ఇవాళ తెచ్చాను. సభ అయిన తరువాత ద్వారం దగ్గర బల్ల మీద పెడతాను. పాత గొలుసుకట్టు వ్రాత తెలిసిన పెద్దలు దయచేసి ఒకసారి చూడండి. అద్దం కూడా తెచ్చాను.