ఇల్లు కట్టి చూడు!



కళ్ళాపి చల్లిన వాకిట్లో ఎవరైనా జర్రున జారిపడితే మనకి ముందొచ్చేది నవ్వే. "అయ్యో, దెబ్బ తగిలిందా?" అనడం ఆ తర్వాతి సంగతి. ఆ ముందొచ్చే నవ్వుమీదే బతికాయి మూకీల కాలంనాటి పొట్టి హాస్యచిత్రాలు.

వాటిలో నాకు బాగా నచ్చింది 1920లో అమెరికాలో బస్టర్ కీటన్ తీసిన 'వన్ వీక్'. రెండే రీళ్ళు. కొత్తగా పెళ్ళయిన జంటకి బంధువొకాయన స్థలమూ, పెట్టెల్లో సర్దిన ఇల్లూ కానుకిస్తాడు. పెట్టెలమీద అంకెల వరసన బిగించుకుంటే ఇల్లు తయారన్నమాట. పెళ్ళికూతుర్ని ఆశించి భంగపడ్డవాడొకడు ఆ అంకెలు మార్చేస్తాడు. ఇంకేముంది! గోడలన్నీ వంకర. గృహప్రవేశంనాడు గాలివానొచ్చి ఇల్లు రంగులరాట్నంలా తిరుగుతుంది, చుట్టాలు తలో దిక్కునా ఎగిరిపడతారు. నిజంగానే తిరిగే చట్రంమీద కట్టారు ఆ ఇంటిని.

కీటన్ మేడమీద తలుపు తీసి అడుగేస్తాడు. అవతల ఏమీ లేదు, ధబ్బున నేలమీద పడతాడు. పడింది బొమ్మ కాదండీ, మనిషే.

ఆ పడడం ఆయన పసితనంలోనే నేర్చాడు. నాలుగైదేళ్ళకే అమ్మానాన్నలతో స్టేజి ఎక్కాడు. తండ్రి ఎత్తి విసిరేవాడు. పట్టుకోవడానికి వీలుగా బట్టలకి పిడి కూడా కుట్టారు. తను నవ్వితే జనం నవ్వరని కనిపెట్టి మొహం బిగించుకోవడం అప్పుడే అలవాటైంది. న్యూయార్కులో బాలల సంరక్షణ సంఘంవారు అడ్డుపడ్డారు కూడా. పడే ఒడుపు తెలుసు గనక తనకేమీ కాలేదనేవాడు కీటన్ పెద్దయ్యాక. ఏమో, నాకు మాత్రం ఆ మాట మింగుడుపడలేదు. కన్నతల్లి అదే స్టేజిమీద సాక్సోఫోన్ వాయిస్తూ ఉండేదట!

ఇదంతా తెలిశాక మా చిన్నవాడితో కలిసి ఆ సినిమా మళ్ళీ చూశాను. నవ్వు తగ్గలేదు గాని, ఆయన పడ్డప్పుడల్లా నా చెయ్యి వాడి భుజంమీదికి పోయింది.

చివరికి, కట్టింది తమ స్థలంలో కాదని తెలిసి ఇంటిని లాక్కుపోతుంటే రైలుపట్టాలమీద చిక్కుకుంటుంది. రైలు వస్తోంది. ఇద్దరూ కళ్ళు మూసుకుంటారు. అది పక్కపట్టామీంచి వెళ్ళిపోతుంది. హమ్మయ్య అనుకునేలోగా ఎదురుగా ఇంకో రైలొచ్చి ఇంటిని తునాతునకలు చేస్తుంది. కీటన్ అమ్మకానికని బోర్డు పెట్టి, ఇల్లు బిగించే కాగితం కూడా దానికి తగిలించి, భార్య చెయ్యి పట్టుకుని నడిచిపోతాడు.