ఆరెకరాల్లో ఆమెకు ఎన్ని గుంటలు?

(మహిళా రైతుల శిక్షణ తరగతిలో సంఘం జిల్లా కార్యకర్త చేసిన ప్రసంగ పాఠం)



పౌర స్మృతి గురించి చెప్పమని సంఘం నాకు అప్పజెప్పింది. నేను వకీలును కాదు. పదో తరగతి చదివి పొలం పనిలో పడ్డదాన్ని. కానీ ఇరవై ఏళ్లుగా మన సభ్యుల వెంట తహసీల్దారు ఆఫీసుకు, రిజిస్ట్రేషన్ ఆఫీసుకు, కోర్టుకు తిరుగుతున్నాను. ఆ తిరుగుడులో తెలుసుకున్నదే మీ ముందు పెడతాను.

దొంగతనం, కొట్లాట, హత్య లాంటివి క్రిమినల్ చట్టం కిందికి వస్తాయి. మనిషికీ మనిషికీ మధ్య ఉండే సొంత వ్యవహారాలు సివిల్ చట్టం కిందికి వస్తాయి. పెళ్లి, విడాకులు, దత్తత, వారసత్వం, భూమి అమ్మకం, కౌలు, అప్పు, ఒప్పందం అన్నీ అందులోవే. పోలీస్ స్టేషన్ గడప తొక్కని రైతులు మనలో చాలామంది ఉన్నారు. సివిల్ చట్టం తగలని రైతు ఇల్లు మాత్రం ఒక్కటి కూడా లేదు.

కొన్ని దేశాల్లో ఈ వ్యవహారాలన్నిటికీ ఒకే పెద్ద పుస్తకం ఉంటుంది. ఫ్రాన్స్‌లో 1804లో నెపోలియన్ కాలంలో అలాంటిది తెచ్చారు. జర్మనీలో 1900 నుంచి అమలైంది. మన దేశంలో సగం చట్టం మాత్రమే అందరికీ ఒకటి. 1872 నాటి ఒప్పందాల చట్టం, 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం, 1908 నాటి రిజిస్ట్రేషన్ చట్టం ఏ మతం వాళ్లకైనా వర్తిస్తాయి. పెళ్లి, వారసత్వం దగ్గరికి వచ్చేసరికి మతాన్ని బట్టి చట్టం మారుతుంది. అందరికీ ఒకే పౌర స్మృతి తెచ్చేందుకు ప్రభుత్వం ప్రయత్నించాలని రాజ్యాంగం 44వ అధికరణంలో ఉంది. ఉత్తరాఖండ్‌లో 2025 జనవరి 27 నుంచి అలాంటి చట్టం అమల్లోకి వచ్చింది. గోవాలో పోర్చుగీసువాళ్ల నాటి 1867 సివిల్ కోడ్ పద్ధతే ఇప్పటికీ నడుస్తోంది.

టీవీల్లో దీని మీద రోజూ అరుపులే. ఒకే చట్టం కావాలా, వేరువేరుగా ఉండాలా అని. నేను ఆ గొడవలోకి పోను. ఏ చట్టం పేరు చెప్పినా నేను ఒక్కటే అడుగుతాను: భర్తతో సమానంగా నాటు వేసి, కలుపు తీసి, పత్తి ఏరిన ఆడమనిషికి ఆ భూమిలో ఎన్ని గుంటలు వస్తాయి?

లెక్క వేసి చూద్దాం

ఒక రైతుకు 6 ఎకరాలున్నాయి. అంటే 240 గుంటలు. భార్య, ఇద్దరు కొడుకులు, ఒక బిడ్డ ఉన్నారు. అతని తల్లి అంతకుముందే పోయింది. వీలునామా ఏదీ రాయకుండా రైతు చనిపోయాడు.

వాళ్లు హిందువులు, ఆ భూమి అతను స్వయంగా కొన్నదీ అనుకోండి. 1956 హిందూ వారసత్వ చట్టం ప్రకారం భార్య, కొడుకులు, బిడ్డ నలుగురికీ సమాన వాటా. మనిషికి 60 గుంటలు, అంటే ఎకరంన్నర.

అదే భూమి తాతల నుంచి వచ్చిన ఉమ్మడి ఆస్తి అనుకోండి. ఇప్పుడు లెక్క మారుతుంది. తండ్రి చనిపోయే ముందు క్షణంలో పంపకం జరిగినట్టు చట్టం భావిస్తుంది. తండ్రి, ఇద్దరు కొడుకులు, బిడ్డ, ఈ నలుగురికీ తలా 60 గుంటలు. ఈ పంపకంలో భార్యకు వాటా లేదు, మన తెలుగు ప్రాంతాల్లో కోర్టులు పాటించే పద్ధతి ఇదే. ఆ తర్వాత తండ్రి వాటా 60 గుంటలను భార్య, ఇద్దరు కొడుకులు, బిడ్డ నలుగురికీ పంచుతారు. చివరికి పిల్లలకు తలా ఎకరం 35 గుంటలు. భార్యకు 15 గుంటలు. ముప్పై నలభై ఏళ్లు ఆ పొలంలో వంగిన మనిషికి 240 గుంటల్లో 15.

అదే కుటుంబం ముస్లింలైతే పిల్లలున్న భార్యకు ఎనిమిదో వంతు, అంటే 30 గుంటలు. బిడ్డకు వచ్చేది కొడుకు వాటాలో సగం. క్రైస్తవులైతే 1925 భారత వారసత్వ చట్టం ప్రకారం భార్యకు మూడో వంతు, 80 గుంటలు. మిగతాది కొడుకులకూ బిడ్డకూ సమానం.

గోవాలో అయితే, పెళ్లికి ముందు వేరే ఒప్పందం రాసుకోకపోతే, పెళ్లితోనే ఇద్దరి ఆస్తీ ఉమ్మడి అవుతుంది. సగం ఆమెది, సగం అతనిది. భర్త చనిపోయేదాకా ఆగాల్సిన పని లేదు. మన లెక్కలో 120 గుంటలు ఆమెవే. ఆమె సంతకం లేకుండా అతను భూమి అమ్మలేడు. పిల్లలకు ఏమీ లేకుండా మొత్తం ఎవరికో వీలునామా రాయడానికి కూడా వీల్లేదు, అతని ఆస్తిలో సగం వారసులకు ఉంచి తీరాలి. ఆ పాత కోడ్‌లో లోపాలు లేవని కాదు. ఆస్తి నడిపే పెత్తనం అందులో భర్తకే ఇచ్చారు. అయినా భార్య కష్టానికి ఆస్తిలో సగం అని ఆ కోడ్ లెక్కగట్టింది.

15, 30, 60, 80, 120. కష్టం ఒకటే, కలుపు ఒకటే, ఎండ ఒకటే. గుంటలు మాత్రం ఇన్ని రకాలు. ఉత్తరాఖండ్ కొత్త చట్టంలో భార్యకు, పిల్లలకు, తల్లిదండ్రులకు వారసత్వంలో సమాన వాటా పెట్టారు. భర్త బతికుండగానే ఆస్తిలో సగం భార్యది అనే మాట అందులో కూడా లేదు. అందుకే ఒకే చట్టమా, పది చట్టాలా అన్నదానికంటే అందులో ఏం రాశారన్నదే మనకు ముఖ్యం.

బిడ్డల హక్కు ఎట్లా వచ్చింది

బిడ్డలకు ఇప్పుడున్న హక్కు ఊరికే రాలేదు. హిందూ కోడ్ బిల్లును సాగనివ్వనందుకు అంబేద్కర్ 1951లో కేంద్ర మంత్రి పదవి వదిలేశారు. 1956 చట్టం వచ్చినా ఉమ్మడి ఆస్తిలో పుట్టుకతో వచ్చే హక్కు కొడుకులకే మిగిలింది. దాన్ని బిడ్డలకు ఇవ్వడంలో మన రాష్ట్రం ముందు నడిచింది. ఎన్.టి. రామారావు ప్రభుత్వం తెచ్చిన సవరణ 1985 సెప్టెంబర్ 5 నుంచి వర్తించింది. కానీ ఆ తేదీకి ముందే పెళ్లయిన బిడ్డలను అందులోంచి తీసేశారు. ఒకే ఇంట్లో పెద్దక్కకు లేదు, చిన్న చెల్లెకు ఉంది.

2005 సెప్టెంబర్ 9 నుంచి కేంద్ర చట్టం మారింది. పెళ్లయినా కాకపోయినా బిడ్డ కొడుకుతో సమానం. 2004 డిసెంబర్ 20కి ముందే రిజిస్టర్ పత్రంతోనో కోర్టు డిక్రీతోనో పూర్తయిన పంపకాలను మాత్రం కదిలించరు. తండ్రి 2005కి ముందే చనిపోతే బిడ్డకు హక్కు ఉందా లేదా అని చాలా ఏళ్లు కొట్లాట నడిచింది. హక్కు పుట్టుకతో వచ్చింది కాబట్టి తండ్రి బతికి ఉండాల్సిన పని లేదని 2020 ఆగస్టు 11న సుప్రీంకోర్టు తేల్చింది.

ఇంత జరిగినా 2015-16 వ్యవసాయ గణన ప్రకారం దేశంలో కమతాలు నడిపేవాళ్లలో ఆడవాళ్లు నూటికి 14 మందే. పొలంలో చూస్తే ఆడవాళ్లే ఎక్కువ, పుస్తకంలో చూస్తే మగవాళ్లే ఎక్కువ.

హక్కు వేరు, పాసుపుస్తకం వేరు

పాసుపుస్తకంలో పేరు ఎక్కినంత మాత్రాన భూమి అతని ఒక్కడిదే అయిపోదని సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. విరాసత్ పట్టా పెద్దకొడుకు పేరున అయినా మిగతా వారసుల హక్కు చావదు. ఇది ధైర్యం ఇచ్చే మాట.

కానీ బతుకు కోర్టు తీర్పు మీద నడవదు, పుస్తకం మీద నడుస్తుంది. తెలంగాణలో 2018లో రైతుబంధు పెట్టినప్పుడు డబ్బు పట్టాదారుకే అందింది. 5 లక్షల రైతు బీమా కూడా పట్టాదారుకే. బ్యాంకు పంట రుణం కావాలన్నా ముందు పుస్తకమే అడుగుతారు. పుస్తకంలో పేరు లేని ఆడమనిషి పొలంలో పాము కరిచి చనిపోతే, బీమా కాగితాల్లో ఆమె రైతే కాదు. భర్త చనిపోయి ఆమె ఒక్కతే సాగు చేస్తున్నా, పట్టా మామ పేరున ఉంటే ఆమె ఎవరికీ కనపడదు.

నాకు తెలిసిన ఒక అక్క అట్లాగే ఎనిమిదేళ్లు సాగు చేసింది. మామ పోయాక మరిది విరాసత్ చేయించుకున్నాడు. వారసుల పేర్లలో ఈమె పేరు, ఈమె పిల్లల పేర్లు రాయలేదు. ఆ సంగతి ఆమెకు తెలిసేనాటికి సగం భూమి అమ్ముడుపోయింది. చట్టం ఆమె పక్షానే ఉంది. కానీ కొన్నవాడి మీద, మరిది మీద దావా నడపాలంటే పత్తి డబ్బులు ఎన్ని వాయిదాలకు సరిపోతాయి? ఇప్పుడు 2025 భూ భారతి చట్టంలో విరాసత్‌కు ముందు వారసులకు నోటీసు ఇచ్చి విచారించాలని ఉంది. నోటీసు ఇంటికి వచ్చినప్పుడు దాన్ని ఎవరు చదువుతారో, ఎవరు దాస్తారో చూసుకునే పని మనది.

పసుపు కుంకుమ కింద ఇచ్చిన భూమి సంగతి కూడా అంతే. పెళ్లిలో నలుగురి ముందు ఎకరం ఇచ్చామంటారు. దానంగా ఇచ్చిన భూమికి ఇద్దరు సాక్షులతో రిజిస్టర్ పత్రం ఉండాలని ఆస్తి బదిలీ చట్టం చెబుతుంది. కాగితం లేని పసుపు కుంకుమ అన్నదమ్ముల మంచితనం ఉన్నన్నాళ్లే నిలుస్తుంది.

అప్పు ఎవరి మీద పడుతుంది

ఇది బాగా గుర్తుపెట్టుకోండి. రైతు చనిపోయిన పదో రోజుకు అప్పులవాళ్లు వాకిట్లో నిలబడతారు. చనిపోయిన మనిషి అప్పుకు వారసుల బాధ్యత, అతని నుంచి వాళ్లకు వచ్చిన ఆస్తి మేరకే. ఆమె సొంత నగలు, ఆమె కూలి డబ్బు దానికి కట్టాల్సిన పని లేదు. తండ్రి అప్పు తీర్చడం కొడుకు ధర్మం అనే పాత సూత్రం ఒక్కదాన్నే పట్టుకుని కొడుకు మీద దావా వేయడాన్ని, 2005 సవరణ తర్వాత చేసిన అప్పులకు కోర్టులు ఒప్పుకోవు. ప్రోనోటుకు గడువు మూడేళ్లు.

ఇవన్నీ అప్పు ఇచ్చినవాడికి తెలుసు. అందుకే "పాత నోటు చింపేస్తా, నీ పేరున కొత్తది రాసియ్యమ్మా" అంటాడు. సంతకం పెట్టిన క్షణం నుంచి అది ఆమె అప్పు. ఆమె ముందే జామీను ఉంటే లెక్క వేరు. లేకపోతే ఆ దుఃఖంలో ఏ కాగితం మీదా వేలిముద్ర వేయొద్దు. సంఘానికి కబురు పెట్టండి.

అన్నలకు రెండు మాటలు

"కట్నం ఇచ్చాం కదా, మళ్లీ భూమి ఏంది" అని అడుగుతారు. కట్నం 1961 నుంచి నేరం. నేరంగా ఇచ్చిన డబ్బును వాటా కింద చెల్లు వేసుకోలేరు. పైగా ఆ డబ్బు చాలా ఇళ్లలో అల్లుడి చేతికి, వియ్యంకుడి చేతికి పోయింది తప్ప బిడ్డ చేతికి రాలేదు.

"భూమి ముక్కలవుతుంది" అంటారు. నలుగురు కొడుకులు పంచుకున్నప్పుడు రాని ఈ దిగులు బిడ్డ పేరెత్తితేనే ఎందుకొస్తుంది? పేరు రాసినంత మాత్రాన గట్టు వేయాల్సిన పని లేదు. భూమి ఒక్కరే సాగు చేసి మిగతావాళ్లకు కౌలు లెక్క కట్టి ఇవ్వొచ్చు.

"వాటా అడిగితే పుట్టింటి గడప మూసుకుపోతుంది" అని ఆడవాళ్లే భయపడతారు. ఆ భయం ఉత్తదని నేను అనను. అన్నదమ్ముల మీద ప్రేమతో వాటా వదులుకునే చెల్లెళ్లు ఉంటారు, అది వాళ్ల ఇష్టం. కానీ విడుదల దస్తావేజు మీద సంతకం పెట్టే ముందు ఎన్ని గుంటలు వదులుతున్నదో, వాటి ధర ఎంతో ఆమెకు తెలియాలి. రాఖీ కట్టిన చేతితోనే తెలియక సంతకం చేయిస్తే దాన్ని ప్రేమ అనలేం.

మనం చేయాల్సినవి

ఊరి కమిటీలకు నా విన్నపం. సభ్యుల ఇంట్లో ఎవరు చనిపోయినా నెల తిరిగేలోపు ఇద్దరు కార్యకర్తలు వెళ్లి వారసుల జాబితా రాయాలి. భార్య, తల్లి, పెళ్లయిన బిడ్డలు, ముందే చనిపోయిన కొడుకు భార్యాపిల్లలు అందులో ఉన్నారో లేదో చూడాలి. సర్వే నంబర్లు రాసుకుని ఏది కొన్నది, ఏది తాతలది అన్నది పక్కనే గుర్తు పెట్టాలి. లెక్క మొత్తం అక్కడే మారుతుందని ఇందాకే చూశాం. భర్త బతికున్న ఇళ్లలో, ఆయన ఒప్పుకుంటే, కొంత భూమి ఇప్పుడే భార్య పేరున రిజిస్టర్ చేయించండి. చనిపోయాక కోర్టు చుట్టూ తిరిగేకంటే అది తక్కువ ఖర్చు.

ప్రభుత్వాలను మనం అడగాల్సినవి నాలుగు. సాగు భూమికి భార్యాభర్తల ఉమ్మడి పట్టా ఇవ్వాలి. భార్య సంతకం లేకుండా ఆ భూమి అమ్మకం రిజిస్టర్ చేయొద్దు. భార్యాబిడ్డలకు ఏమీ మిగల్చకుండా వీలునామా రాసే వీలు ఉండొద్దు. గిరిజన ప్రాంతాల్లో భూమిని కాపాడుతున్న 1/70 చట్టాన్ని ఏ కొత్త స్మృతి పేరు చెప్పీ కదిలించొద్దు. హిందూ వారసత్వ చట్టం గిరిజనులకు వర్తించదు, ఉత్తరాఖండ్ చట్టం కూడా వాళ్లను మినహాయించింది. అక్కడి ఆడబిడ్డలకు హక్కు ఎట్లా రావాలో ముందు వాళ్లనే అడగాలి.

రేపు ఎవరైనా ఓట్ల కోసం మన ఊరికి వచ్చి పౌర స్మృతి గురించి చెబితే, అనుకూలమైనా వ్యతిరేకమైనా, మైకు దగ్గరికి వెళ్లి ఈ లెక్క అడగండి. 6 ఎకరాలు, భార్య, ఇద్దరు కొడుకులు, ఒక బిడ్డ. మీ చట్టంలో ఆమెకు ఎన్ని గుంటలు? గుంటల్లో జవాబు చెప్పినవాళ్లతోనే మాట్లాడదాం.

సెలవు. ఇక మీ పాసుపుస్తకాలు తీయండి, ఎవరి పేరున ఏముందో కలిసి చూద్దాం.