చీకటిలోనికి దిగిన కెమెరా

(ప్లాటినం జూబిలీ సభలో ప్రధానోపాధ్యాయిని ప్రసంగ పాఠము)



ఈ సంచిక కొరకు పాత ఫోటోలు సేకరించినప్పుడు ఒక లోటు నా మనస్సును కలచివేసినది. బహుమతులందుకొను పిల్లల చిత్రములున్నవి. వారి తండ్రులు గనిలోనికి దిగుచున్న చిత్రము ఒక్కటియు లేదు. చాంపియన్ రీఫ్ గనిలో మూడు కిలోమీటర్లకు మించిన లోతున చెమటోడ్చిన వారి ముఖములు మన వద్ద లేవు. 2001 ఫిబ్రవరి 28న గనులు మూతపడినవి. 2018లో వచ్చిన 'కె.జి.ఎఫ్' చిత్రము మన సైనైడ్ దిబ్బలను దేశమంతటికీ చూపినది. కాని అది కల్పిత కథ, మన తాతల కథ కాదు.

అట్టి నిజమైన కథలను పట్టి నిలుపువాడు డాక్యుమెంటరీ ఛాయాగ్రాహకుడు. మన పొరుగున బెంగళూరులో నివసించిన నవ్‌రోజ్ కాంట్రాక్టర్ గారు అట్టివారు. 1973లో మణి కౌల్ 'దువిధ' చిత్రమునకు ఛాయాగ్రహణము నిర్వహించి పేరు పొందిన ఆయన, 1980లో దీపా ధన్‌రాజ్ ప్రభృతులతో కలిసి 'యుగాంతర్' బృందమును స్థాపించిరి. పూణే ఇండ్లలో పాచిపని చేయు స్త్రీలను, నిపాణి పొగాకు కార్మిక స్త్రీలను ఆయన కెమెరా చూపినది. 1983లో హైదరాబాదు స్త్రీశక్తి సంఘటనతో కలిసి, గృహహింసపై తెలుగులో 'ఇది కథ మాత్రమేనా' తీసిరి. 1984 నాటి హైదరాబాదు మతకలహములపై వచ్చిన 'క్యా హువా ఇస్ షహర్ కో' చిత్రమునకును ఛాయాగ్రాహకులు ఆయనే. కథాచిత్రములో దృశ్యము సరిగా రాకున్న మరల తీయవచ్చును; కలహములో ఇల్లు కోల్పోయిన తల్లిని మరల ఏడువుమని అడుగగలమా? ఓర్పు, ధైర్యము, ఎదుటివారి విశ్వాసము, ఇవియే ఆ వృత్తికి పెట్టుబడి. 2023 జూన్‌లో హోసూరు సమీపమున రోడ్డు ప్రమాదములో ఆయన కన్నుమూసిరి. ఆయన పట్టిన దృశ్యములు మాత్రము నిలిచియున్నవి.

మా పదవ తరగతి బాలుడొకడు కెమెరా చదువు చదివెదననగా, తండ్రి "ఫోటోలు తీసి బ్రతుకగలడా అమ్మా?" అని నన్నడిగిరి. ఆ వృత్తిలో ఆదాయము నిలకడగా ఉండదని దాచక చెప్పితిని. పిదప, "మీ నాన్నగారు గని దుస్తులలో నున్న ఫోటో మీ యింట ఉన్నదా?" అని అడిగితిని. ఆయన మౌనము వహించిరి.

పూర్వ విద్యార్థులారా! గనిలో పనిచేసిన పెద్దలు ఇంకను మీ యిండ్లలో నున్నారు. ఈ సెలవులలో వారి చెంత కూర్చుండి, వారి మాటను, ముఖమును, చేతులను మీ సెల్‌ఫోనులోనైనను పట్టి పాఠశాలకు పంపుడు. వాటిని భద్రపరచు బాధ్యత మాది. శతజయంతి సంచికలోనైనను ఆ ఖాళీ పుట నిండుగాక!

సెలవు.