పిలిచినప్పుడు పలుకని అప్పీలు

క్రింది కోర్టులో ఓడినపుడు అప్పీలు దాఖలు చేసి, వకీలునకు వకాలతు నిచ్చి, ఇక మన పని తీరినదని ఊరకుండుట మనలో పెక్కురకు అలవాటు. విచారణకు పిలిచిననాడు మన పక్షమున ఎవ్వరును హాజరు కానిచో, 1908 నాటి సివిల్ ప్రొసీజరు కోడు 41వ ఆర్డరు 17వ రూలు క్రింద కోర్టు ఆ అప్పీలును కొట్టివేయవచ్చును. ఇట్టి కొట్టివేత మన హక్కుపై తీర్పు కాదు. గైరుహాజరైనవాని అప్పీలును గుణదోషములలోనికి పోయి కొట్టివేయుటకు ఈ రూలు అధికార మీయదని 1976 నాటి సవరణ స్పష్టపరచినది. ఐనను క్రింది డిక్రీ నిలిచియే యుండును. పొలము తగాదాయైనచో పొలము చేజారినట్లే.

దీనికి మందు 19వ రూలులో కలదు. హాజరు కాకుండుటకు తగిన కారణము రుజువు చేసినచో కోర్టు అప్పీలును తిరిగి చేర్చుకొనును. ఖర్చులు చెల్లింపుమనియు ఆదేశింపవచ్చును. గడువు కొట్టివేసిన తేదీనుండి 30 దినములు. మనకు తెలిసిన నాటినుండి కాదు. అది దాటినచో ఆలస్యమునకు వేరుగా కారణము చెప్పుకొనవలెను. కోర్టు నిరాకరించినచో ఆ ఉత్తరువుపైనను అప్పీలు కలదు.

వకీలు రానందున నిర్దోషియైన కక్షిదారు నష్టపోరాదని 1981లో రఫీక్, మున్షీలాల్ వ్యాజ్యమున సుప్రీం కోర్టు పలికినది. ఆ కక్షిదారు తాను చేయగలిగిన దంతయు చేసియుండెను. మనమును అంత చేసిననే ఆ రక్షణను కోరగలము. కావున వాయిదా తేదీని మన ఇంటను వ్రాసి యుంచుకొందము. చిరునామా మారినచో వకీలునకు వెంటనే తెలుపుదము.