ఫాతిమా: ఒక పేరు పుట్టుక, అర్థం, ప్రయాణం
(స్మారకోపన్యాస పాఠం)



ఎవరి జ్ఞాపకార్థం మనం ఈ సభ జరుపుకుంటున్నామో ఆ గురువుగారు తెలుగు పిల్లలకు అరబ్బీ, ఫార్సీ మాటల పుట్టుక ఓపిగ్గా చెప్పినవారు. ఇరుగుపొరుగు పేర్ల అర్థం తెలుసుకోవడం మర్యాదలో మొదటి మెట్టని ఆయన నమ్మారు. అందుకే ఈ రోజు ఒక్క పేరు గురించే మాట్లాడతాను. అది ఫాతిమా.

అరబ్బీలో చాలా మాటలు మూడు హల్లుల ధాతువు నుంచి పుడతాయి. ఫాతిమాకు మూలం ఫ-త-మ. కోయడం, విడదీయడం దాని తొలి అర్థం. అక్కడి నుంచి తల్లి పాలు మాన్పించడం అనే అర్థం వచ్చి స్థిరపడింది. ‘ఫితామ్’ అంటే పాలు మాన్పించడం. పిల్లకు ఏడాది నిండి పాలు మాన్పించిన ఒంటెను ‘ఫాతిమ్’ అంటారని పాత అరబ్బీ నిఘంటువులు చెబుతాయి. మన పల్లెల్లో పలికే ‘ఫాతిహా’ దీనికి చుట్టం కాదు. అది తెరవడం అనే అర్థమున్న వేరే ధాతువు నుంచి వచ్చింది.

పేర్ల పుస్తకాలు కొన్ని ఫాతిమాకు ‘పాలు విడిచిన శిశువు’ అని అర్థం రాస్తాయి. వ్యాకరణం దీనికి ఒప్పుకోదు. ఆబిదా అంటే ఆరాధించేది, సాజిదా అంటే సాష్టాంగపడేది. ఫాతిమా కూడా అదే అచ్చులో పోతపోసిన మాట. ఈ అచ్చు పని చేసే మనిషిని చెబుతుంది. కాబట్టి ఫాతిమా అంటే పాలు మాన్పించేది, అంటే తల్లి. ఊయలలోని ఆడపిల్లకు తల్లి చేసే పనిని పేరుగా పెట్టారు. ఎడారిలో బిడ్డ పాలు మానే వయసుకు చేరిందంటే ఒక గండం గడిచినట్టే. ఈ పిల్ల పెరిగి, తల్లయి, తన బిడ్డలను ఆ గండం దాటించాలన్న దీవెన ఈ పేరులో ఉందని నేను అర్థం చేసుకుంటున్నాను. వేపాకు నూరి రాసి పాలు మాన్పించిన మన అమ్మమ్మలకు ఆ పనిలోని కష్టం, ప్రేమ రెండూ తెలుసు.

ఈ పేరు ఇస్లాం కంటే పాతది. 6వ శతాబ్దపు కవి ఇమ్రుల్ ఖైస్ తన ప్రసిద్ధ ఖసీదాలో, అంటే దీర్ఘ కవితలో, ప్రేయసిని ఈ పేరుతోనే పిలిచాడు. ప్రవక్త ముహమ్మద్ కుటుంబంలోనే ఈ పేరుగలవారు పలువురు. ఆయన అల్లుడు అలీ తల్లి ఫాతిమా, పినతండ్రి హంజా కూతురు ఫాతిమా, ప్రవక్త కూతురు ఫాతిమా. తనకు వచ్చిన పట్టువస్త్రాన్ని ప్రవక్త అలీకిచ్చి, ఓణీలుగా చేసి ‘ఫవాతిమ్’లకు పంచమన్నారని హదీసు చెబుతుంది. ఫవాతిమ్ అంటే ఫాతిమాలు. ఇంటి నిండా ఫాతిమాలుంటే బహువచనం అవసరమే కదా.

అయితే పేరుకు నిండుదనం వచ్చింది ప్రవక్త కూతురి వల్లే. 625లో ఉహుద్ యుద్ధంలో తండ్రి గాయపడితే ఆమె నెత్తురు కడిగింది. రక్తం ఆగకపోతే చాప ముక్క కాల్చి ఆ బూడిద గాయానికి అద్దింది. ఆమెకు ‘ఉమ్మె అబీహా’, అంటే తన తండ్రికి తల్లి, అనే బిరుదు ఉంది. పేరు చెప్పిన తల్లితనాన్ని ఆమె కూతురిగా ఉంటూనే చూపింది. 632లో తండ్రి పోయిన కొద్ది నెలలకే ఆమె కూడా కన్నుమూసింది. తనను ప్రేమించేవారిని నరకాగ్ని నుంచి దూరం చేసేది కనుక ఆమె ఫాతిమా అని భక్తులు చెప్పుకున్నారు. విడదీయడం అనే పాత ధాతువుకు వారు కొత్త వెలుగిచ్చారు. ఆమె బిరుదులైన జహ్రా, బతూల్ కూడా ఆడపిల్లల పేర్లయ్యాయి.

తర్వాత ఈ పేరు దేశాలు తిరిగింది. ఇరాన్‌లో ఫాతెమె, టర్కీలో ఫత్మా, పశ్చిమాఫ్రికాలో ఫాతుమాతా అయింది. ప్రవక్త కూతురి వంశీకులమని చెప్పుకున్న ఫాతిమీలు 909లో ఉత్తరాఫ్రికాలో రాజ్యం స్థాపించి, 969లో కైరో నగరానికి పునాది వేశారు. మొరాకోలోని ఫెజ్‌లో 859లో ఖరవియ్యిన్ మసీదును కట్టించింది ఫాతిమా అల్ ఫిహ్రీ అని సంప్రదాయం. ఆ మసీదు తర్వాత గొప్ప విద్యాపీఠమైంది.

మన నేల మీదా ఈ పేరుకు వేళ్లున్నాయి. హైదరాబాద్ దబీర్‌పురాలోని బీబీకా అలావాలో నిలిపే ఆలం, అంటే పీరు, ప్రవక్త కూతురు ఫాతిమాదే. ఆమెకు చివరి స్నానం చేయించిన చెక్కబల్ల ముక్క అందులో ఉందని విశ్వాసం. మొహర్రం పదో రోజున ఆ ఆలం ఏనుగు మీద ఊరేగుతుంది. పీర్ల పండుగలో బీబీ ఫాతిమాకు మొక్కే హిందూ కుటుంబాలు పల్లెల్లో ఉన్నాయి. ఇళ్లలో ఫాతిమాబీ, ఫాతిమున్నిసా, కనీజ్ ఫాతిమా అనే పేర్లు వినిపిస్తాయి. ‘కనీజ్’ ఫార్సీ మాట, సేవకురాలని అర్థం.

ఇంకో దారి కూడా ఉంది. పోర్చుగల్‌లో ఫాతిమా అనే ఊరుంది, ఆ ఊరి పేరు అరబ్బీదే. 1917లో అక్కడ మరియమాత దర్శనమిచ్చిందని కథోలికులు నమ్మడంతో ఆమె ఫాతిమామాత అయింది. వరంగల్ మేత్రాసనపు కేథడ్రల్ ఆమె పేరనే వెలిసింది, కాజీపేటలో దాని చుట్టూ ఉన్న పేట ఫాతిమానగర్. ఒకే అరబ్బీ పేరు దబీర్‌పురాకు మొహర్రం కన్నీళ్లతో, కాజీపేటకు చర్చి గంటతో చేరింది.

అందుచేత నేను చెప్పదలచింది ఇదీ. ధాతువు పేరుకు పుట్టుకనిస్తే, దాన్ని మోసిన మనుషులు బతుకునిస్తారు. రెండూ తెలిస్తేనే అర్థం తెలిసినట్టు. పేరును ఒక్క ముక్కలో తేల్చేస్తే ఇంత చరిత్రా జారిపోతుంది.

ఉపాధ్యాయ మిత్రులకు ఒక విన్నపం. హాజరు పట్టీలో ఫాతిమా, ఆబిదా, సాజిదా పేర్లు తప్పుల్లేకుండా రాయండి, సరిగా పలకండి. ఏడాదికి ఒక్కసారైనా తరగతిలో ప్రతి బిడ్డ పేరుకూ అర్థం చెప్పించండి. తెలుగు శాఖల పరిశోధకులు తెలుగు ముస్లిముల పేర్లకు ధాతువు, అర్థం, స్థానిక రూపం చూపే నిఘంటువు ఒకటి తయారుచేయాలి. గురువుగారి రుణం తీర్చుకోవడానికి అంతకంటే తగిన పని నాకు కనిపించడం లేదు.