ఖాళీ అట్టపెట్టె ఖరీదు

1977 మే నెలలో అమెరికాలో ‘స్టార్ వార్స్’ విడుదలైంది. దర్శకుడు జార్జ్ లూకాస్ పారితోషికం పెంచమని పట్టుబట్టలేదు. బొమ్మల్లాంటి సరుకుల మీద హక్కులు, తరువాతి భాగాల హక్కులు తన దగ్గర ఉంచుకున్నాడు. స్టూడియోవారికి అవి చిల్లర డబ్బుల్లా కనిపించాయి మరి!

ఆ క్రిస్మస్‌కి బొమ్మలు తయారవలేదు. వాటిని చేసే కెన్నర్ కంపెనీ ఏం చేసిందంటారు? ఖాళీ అట్టపెట్టె అమ్మింది. లోపల ఒక కాగితం. అది పోస్టులో పంపితే కొత్త ఏడాదిలో నాలుగు బొమ్మలు ఇంటికొస్తాయి. జనం కొన్నారు! కథ పిల్లవాడి గూట్లోకి చేరాక రెండో భాగానికి టికెట్టు ముందే తెగినట్టు. మన ‘బాహుబలి’కి ఆ పని కట్టప్ప కత్తిపోటు చేసింది, రెండేళ్లు ఊరూరా ‘బాహుబలిని ఎందుకు చంపాడు?’ అన్నదే ప్రశ్న.

2012లో లూకాస్ ఆ హక్కులున్న తన కంపెనీని డిస్నీకి అమ్మాడు, సుమారు 400 కోట్ల డాలర్లకు.