డబ్బా మీది చీటీ

పట్టాలు అందుకుంటున్న మీ అందరికీ మనసారా అభినందనలు.

సినిమాలకు, టీవీ డాక్యుమెంటరీలకు పాత దృశ్యాలు వెతికిపెట్టడం నా పని. ఎవరో ఎప్పుడో తీసిన రీళ్ల ఆచూకీ తీయాలి. అవి ఏ ఊరివో, ఏ ఏటివో తేల్చాలి. హక్కుదారులెవరో కనుక్కుని అనుమతి తెచ్చుకోవాలి. తెర మీద పది సెకన్లు మెరిసే బొమ్మ కోసం ఒక్కోసారి నెలల తరబడి తిరుగుతాం.

నేను ఈ పనిలోకి కొత్తగా వచ్చినప్పుడు ఒక డాక్యుమెంటరీకి దివిసీమ ఉప్పెన దృశ్యాలు కావాల్సి వచ్చాయి. 1977 నవంబరు 19న వేల మందిని పొట్టన పెట్టుకున్న ఉప్పెన అది. దొరికిన ఫిల్ము డబ్బా మీద ‘తుపాను, కోస్తా’ అని మాత్రమే ఉంది. మూత తీయగానే వెనిగర్ వాసన గుప్పుమంది. ఎసిటేట్ ఫిల్ము పాడవుతోందనడానికి అదే గుర్తు. రీలు వేసి చూశాం. మోకాటి లోతు నీళ్లు, కూలిన పాకలు, అరుగు మీద బిడ్డను హత్తుకుని కూర్చున్న ఒక తల్లి. సరిగ్గా మాకు కావలసిందే అనుకున్నాం. రెండోసారి చూస్తుంటే ఆమె వెనక గోడ మీద సగం తడిసిన వాల్‌పోస్టరు కనిపించింది. ‘శంకరాభరణం’. ఆ సినిమా విడుదలైంది 1980లో!

“నీళ్లు ఎక్కడైనా నీళ్లే కదండీ, ఎవరు చూడొచ్చారు?” అన్నారు పక్కనున్నాయన. గడువు రెండు రోజులే. నాకూ మనసు ఊగింది. కానీ ఆ తల్లి కష్టం ఆమెది. దానికి వేరే ఏడాది తగిలించే హక్కు నాకెక్కడిది? ఉప్పెనలో పోయినవారికీ అది అన్యాయమే. ఆ దృశ్యం వాడలేదు. డబ్బా మీద కొత్త చీటీ అతికించాను: ‘1977 ఉప్పెన కాదు. 1980, లేదా ఆ తర్వాత.’

చీటీల సంగతి అలా ఉంచితే, అసలు రీళ్లనే మనం పోగొట్టుకున్నది తక్కువేం కాదు. తెలుగువారి తొలి మూకీ ‘భీష్మ ప్రతిజ్ఞ’ 1921 నాటిది. తొలి టాకీ ‘భక్త ప్రహ్లాద’ 1932 నాటిది. ఈ రెండింటి ప్రింట్లూ నేడు లేవు. 1964లో పుణెలో జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ ఏర్పడ్డాక అందులో పనిచేసిన పి.కె. నాయర్ గారు పట్టుదలతో వెతకబట్టే ఫాల్కే తీసిన మూకీ ‘రాజా హరిశ్చంద్ర’ రీళ్లు కొన్నైనా మనకు దక్కాయి.

ఇప్పుడు మీకు బొమ్మల కరువు లేదు. చీటీలకే కరువు. ఒక ఊరి వరదను ఇంకో ఊరి పేరుతో నిమిషంలో లోకమంతా పంపేస్తున్నారు. మీరు ఏ ఉద్యోగంలో ఉన్నా, చేతికందిన బొమ్మను ఇంకొకరికి పంపేముందు రెండోసారి చూడండి. వెనకున్న గోడను కూడా చూడండి. ఇంట్లో పాత పెళ్లి క్యాసెట్టు ఉంటే అమ్మమ్మ పక్కన కూర్చుని, అందులో కనిపించేవాళ్ల పేర్లు అడిగి రాసుకోండి. చెప్పేవాళ్లు ఉన్నప్పుడే అడగాలి.

ఇవాళ మీరంతా కలిసి దిగే ఫొటోతోనే మొదలుపెట్టండి. తేదీ, ఊరు, వరుసగా అందరి పేర్లు రాయండి. యాభై ఏళ్ల తర్వాత వెతుక్కుంటూ వచ్చే నాలాంటి వారెవరో మీకు చేతులెత్తి నమస్కరిస్తారు.